ఇగ్వాకా: ఒక ద్వీపపు చిలుక చరిత్ర



నా చిన్ననాట మా యూరి చెఱువుగట్టున మొండి తాటిచెట్టొకటి యుండెడిది. దాని తొఱ్ఱలో ఏటేట రామచిలుకలు గ్రుడ్లు పెట్టెడివి. ఒక యేడు నేనును, మఱి యిద్దఱు బాలురును పిల్లలను తీయబోయి, చేయి లోనికి అందకపోగా గొడ్డలితో తొఱ్ఱనోరు పగులగొట్టితిమి. పిల్ల దొఱకినది, నాలుగు దినములలో చచ్చినది. మఱుసటి యేడు చిలుకలు ఆ చెట్టునకు రాలేదు. పిల్ల చచ్చినందుకు ఆనాడే యేడ్చితిని గాని, చెట్టును చెఱచితినను తలపు మాత్రము చాలకాలమునకు, ప్యూర్టో రికో ద్వీపపు చిలుకలను గూర్చి చదువునపుడు కలిగినది.

అమెరికా ఖండపు ఉష్ణమండలమున, మెక్సికో మొదలుకొని అర్జెంటీనా ఉత్తరభాగము వఱకును, కరిబియను సముద్రద్వీపములయందును పచ్చని చిలుకల జాతులు సుమారు ముప్పది గలవు. వీనిని అమెజాను చిలుకలందురు. మన రామచిలుకతో వీనికి పోలిక ముఖ్యముగా రంగులోనే. మనదానికి తోక సన్నము, పొడవు. వానికి తోక పొట్టి, ఒడలు బలిష్ఠము. మన మగచిలుక మెడనుండు కంటె వానికి లేదు.

1492 అక్టోబరు 12వ తేదీన కొలంబసు బహామా ద్వీపములలో దిగినపుడు, అచటి జనులు నూలుండలతోను ఈటెలతోను పాటు చిలుకలను గూడ తెచ్చి యిచ్చిరి. మఱుసటి సంవత్సరము అతడు కొన్నిటిని స్పెయినునకు గొనిపోయెను. గ్రీకులును రోమనులును మన దేశపు చిలుకలను ప్రాచీనకాలముననే యెఱుగుదురు. అందుచేత ఐరోపా పండితులకు చిలుకయనిన హిందూదేశము స్ఫురించెడిది. కొలంబసు తెచ్చిన పక్షులను బట్టి ఆ ద్వీపములు హిందూదేశమునకు చేరువవై యుండునని స్పెయిను ఆస్థానముననున్న పీటరు మార్టిరు వంటివారును తలచిరి. ఆ జనులకు పొరపాటున మన పేరు తగిలించుటలో చిలుకయు కొంత సాక్ష్యము పలికినదన్నమాట!

1493 నవంబరులో కొలంబసు ప్యూర్టో రికో ద్వీపమును చేరెను. అచటి తాయినో జనులు తమ చిలుకను ఇగ్వాకా యని పిలిచెడివారు. ఎగురునపుడు అది చేయు కూతయే దాని పేరైనది. అది అడుగు పొడవుగల పక్షి. నొసట ఎఱుపు, కన్నుల చుట్టు తెల్లని వలయము, ఱెక్కల యంచున నీలము. నాడవి లక్షల సంఖ్యలో నుండెనని శాస్త్రజ్ఞుల యంచనా. 1508లో స్పెయినువారు అచట కాపురము పెట్టిరి. బంగారు గనులలో వెట్టిచాకిరివలనను, క్రొత్త రోగములవలనను తాయినోలు కొన్ని దశాబ్దములలోనే క్షీణించిరి. వారు పెట్టిన పేరు నిలిచినది.

ఇంత యెక్కువగా నున్న పక్షి యెట్లు తఱిగెను? జనులు తిన్నారు, పెంచుకొన్నారు, పంటలు పాడుచేయుచున్నవని కాల్చినారు. ఇవన్నియు నిజమే. కాని నా యభిప్రాయమున అసలు దెబ్బ చెట్లకు తగిలినది. ఈ చిలుక తానుగా తొఱ్ఱ తొలుచుకొనలేదు. ముసలి చెట్టులో తనంత తాను ఏర్పడిన తొఱ్ఱయే దానికి గతి. కొండలపై పాలో కొలొరాడో యను వృక్షము మిక్కిలి మెల్లగా పెరుగును. దానికి తగిన తొఱ్ఱ యేర్పడుటకు శతాబ్దములు పట్టును. చెఱకుకొఱకు మైదానములును, కాఫీకొఱకు కొండవాలులును నఱకబడెను. 1940 దశకము నాటికి ద్వీపమున అడవి నూటికి ఆఱుపాళ్లు మాత్రమే మిగిలెనందురు. తూర్పు కొండలయందలి లూకియో అడవిని 1876లో స్పెయిను రాజు రక్షితవనముగా ప్రకటించియుండుట వలన చిలుకలకు ఆ యొక్కచోటు దక్కినది. అందును బొగ్గుల కొఱకు చెట్లు కొట్టిరి. పిల్లలను పట్టువారు కొందఱు చెట్టు నెక్కలేక చెట్టునే పడగొట్టిరి. ఇది చదివినపుడు నాకు మా తాటిచెట్టు కన్నులకు కట్టినది.

1950 దశకపు మధ్యమున రమారమి 200 చిలుకలుండెను. 1975లో లెక్కింపగా అడవిలో మిగిలినవి పదుమూడు.

అప్పటికే ప్రభుత్వశాస్త్రజ్ఞులు పనికి పూనుకొనిరి. 1973లో లూకియో కొండపై పక్షిశాల నెలకొల్పి చిలుకలను పెంచసాగిరి. పొరుగు ద్వీపమగు హిస్పానియోలా చిలుకలకు ఈ గ్రుడ్లను, పిల్లలను అప్పగించి సాకించిరి. మన యిండ్లలో కోడిచేత బాతుగ్రుడ్లు పొదిగించినట్లే. అడవిలో మఱియొక చిక్కుండెను. ముత్యమువంటి తెల్లని కన్నుగల గోధుమవన్నె పిట్ట యొకటి చిలుక గూటిలో దూఱి గ్రుడ్లను పగులగొట్టి పిల్లలను చంపెడిది. ఈ పిట్టకు అడుగు కనబడని తొఱ్ఱయనిన గిట్టదని వారు కనిపెట్టిరి. కావున చిలుకల గూళ్లను లోతుగను చీకటిగను చేసిరి. దాపున ఆ పిట్టకును వేఱొక పెట్టె కట్టిరి. అది తన హద్దులోనికి తన జాతి పిట్టలను రానీయదు గనుక చిలుకకు కావలి దొఱికినట్లాయెను. శత్రువును కావలివానిగా చేసిన యీ యుపాయము నాకు మిక్కిలి నచ్చినది.

1989లో హ్యూగో తుపానునకు పూర్వము అడవిలో 47 చిలుకలుండగా, తరువాత సగమే మిగిలెను. అందుచే అన్నిటిని ఒకేచోట నుంచుట ప్రమాదమని తలచి, 1993లో రియో అబాహోయందు రెండవ పక్షిశాల పెట్టిరి. 2006లో అచటి యడవిలోనికి చిలుకలను వదలిరి. ఈ జాగ్రత్త వృథా కాలేదు. 2017 సెప్టెంబరులో మరియా తుపాను వచ్చి లూకియో అడవిలోని చిలుకలను దాదాపు అన్నిటిని కడతేర్చెను. పక్షిశాలలలోనివి బ్రతికినవి. 2020లో మరల కొన్నిటిని ఆ కొండపై స్వేచ్ఛగా విడిచిరి. నఱకబడిన ముసలిచెట్ల స్థానమున క్రొత్తవి యింకను ముదురలేదు గనుక, నేటికిని ఇగ్వాకాలు గ్రుడ్లు పెట్టునది చాలవఱకు మనుష్యులు చేసి కట్టిన గూళ్లలోనే.