తెరచాప వెనక ఎవరు?

1903 ఆగస్టులో న్యూయార్క్ దగ్గర శాండీ హుక్ తీరాన జరిగిన అమెరికాస్ కప్ పడవ పందేలను ఎడిసన్ కంపెనీ మూకీగా చిత్రించింది. అమెరికన్ల పడవ రిలయన్స్. దానికి పోటీగా బ్రిటన్ నుంచి వచ్చింది సర్ థామస్ లిప్టన్ షామ్రాక్-3.

ఆ దృశ్యాలు మనదాకా రావడానికి ఒక చట్టంలోని ఖాళీ కారణం. 1912 వరకూ అమెరికా కాపీరైట్ చట్టంలో సినిమాకు విడిగా చోటు లేదు. అందుకని కంపెనీలు ఫిల్మునంతా పొడవాటి కాగితపు చుట్టల మీద ఫొటోలుగా అచ్చువేసి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌కు అప్పగించేవి. ఇట్టే అంటుకునే నైట్రేట్ ఫిల్ములు చాలావరకు నాశనమయ్యాయి. కాగితం బతికింది.

రిలయన్స్ తెరచాపల విస్తీర్ణం 16 వేల చదరపు అడుగుల పైమాటే. అంత గుడ్డ కింద మనుషులు చీమల్లా ఉంటారు, ఆడా మగా పోల్చుకోలేం. ఆ పందేల్లో రిలయన్స్ మీద ఒక స్త్రీ ఉంది. పేరు హోప్ గొడ్డార్డ్ ఐజెలిన్. అంతకుముందు 1895లో డిఫెండర్ మీద, 1899లో కొలంబియా మీద కూడా వెళ్ళింది. కొలంబియాలో గడియారం చూసి సమయం లెక్కగట్టే పని ఆమెదే. ఆమెను 'తొలి మహిళల' జాబితాలో చేర్చి సంతోషించడం తేలిక. కానీ పడవ వ్యవహారాలన్నీ నడిపింది ఆమె భర్తే, పుట్టింటివాళ్ళూ శ్రీమంతులే. 1900 ఒలింపిక్స్‌లో నెగ్గిన హెలెన్ ద పూర్తాలెస్ కూడా భర్త పడవలోనే పాల్గొంది. సముద్రం మీదికి దారి ఇంటి గుమ్మంలోంచే వెళ్ళింది మరి!

ఈ దృశ్యాలను క్లాసులో చూపించినప్పుడు ఒకమ్మాయి, "లిప్టన్ అంటే మన టీపొడి లిప్టనేనా మేడమ్?" అని అడిగింది. ఔను, ఆ లిప్టనే. నా మటుకు నాకు అసలు చరిత్ర ఆ ప్రశ్న దగ్గరే మొదలవుతుంది. గ్లాస్గోలో కిరాణా కొట్లతో పైకొచ్చిన ఆయన 1890లో సిలోన్‌లో టీతోటలు కొన్నాడు. అక్కడి తోటల్లో ఆకు కోసినవాళ్ళలో ఎక్కువమంది దక్షిణ భారతం నుంచి వలసవెళ్ళిన తమిళ కూలీ కుటుంబాల ఆడవాళ్ళు. జలగలు పట్టే వాలుల్లో, వీపున బుట్టతో, తూకానికి కొలిచే శ్రమ వాళ్ళది. హోప్‌ను కనీసం చీమంతగానైనా పట్టుకున్న ఆ కెమెరా చూపు వాళ్ళదాకా పోలేదు. టీ ప్రకటనల బొమ్మల్లో మాత్రం వాళ్ళు అందంగా ముస్తాబై కనిపించారు.

లిప్టన్ 1899 నుంచి 1930 దాకా ఐదుసార్లు పోటీచేసి ఐదుసార్లూ ఓడాడు. ఓడినప్పుడల్లా పత్రికల నిండా ఆయన పేరే, అంటే టీ పేరే. చివరి ఓటమి తర్వాత అమెరికన్లు చందాలేసుకుని ఆయనకు బంగారు కప్పు బహూకరించారు.