క్షీబశబ్దవిచారము

మద్యపానముచే మత్తుఁడైనవానికి సంస్కృతమునఁ గల పేళ్లలో క్షీబశబ్దము మిక్కిలి విలక్షణమైనది. కావ్యపాఠము చెప్పునపుడు దీనిని క్లీబశబ్దముగా భ్రమించి ‘నపుంసకుఁడు’ అని యర్థము వ్రాయు విద్యార్థులను నేను బలుమాఱు చూచితిని. ఒక్క యక్షరభేదమున నర్థము తలక్రిందగుచున్నది గావున, నీ శబ్దముయొక్క పుట్టుకను విచారింపవలసియున్నది.

అమరసింహుఁడు తృతీయకాండమున విశేష్యనిఘ్నవర్గమునందు మత్త, శౌండ, ఉత్కట, క్షీబ శబ్దములను బర్యాయములుగాఁ జెప్పెను. క్లీబశబ్దము ద్వితీయకాండమున మనుష్యవర్గమునందు నపుంసకపర్యాయముగాఁ జదువఁబడినది. భ్రాంతికిఁ దావు ధాతుపాఠముననే కలదు. ‘క్లీబృ’, ‘క్షీబృ’ ధాతువులు భ్వాదిగణమునఁ బ్రక్కప్రక్కనే యున్నవి. మొదటిదాని యర్థ మధార్ష్ట్యము, అనఁగాఁ బిఱికితనము; రెండవదాని యర్థము మదము. బెదరుటయు, మత్తుచే బెదరు లేకుండుటయు నొక్కటి యగునా?

ఇఁక రూపసిద్ధి. క్షీబధాతువునకు నిష్ఠాప్రత్యయమైన ‘క్త’ చేరినచో, నిడాగమము వచ్చి ‘క్షీబిత’ మని కావలయును. పాణిని యష్టాధ్యాయి 8-2-55 సూత్రమున ఫుల్ల, కృశ, ఉల్లాఘ శబ్దములతోఁ గూడ క్షీబశబ్దమును నిపాతించెను. కాశికాకారులు దీనిని రెండు విధముల సాధించిరి: తకారము లోపించి యిడాగమము రాకుండుట యొకటి, ఇట్టు వచ్చినపిదప ‘ఇత్’ అను భాగమంతయు లోపించుట రెండవది. ఉపసర్గ లేనప్పుడే యీ విధి. ఉపసర్గ యున్నచోఁ బ్రక్షీబితుఁ డనియే రూపము.

శౌండశబ్దగతి వేఱు. శుండ యనఁగా మద్యము, పానశాల. దానియం దాసక్తుఁడు శౌండుఁడు. పాణిని 2-1-40 సూత్రమున శౌండాదులతో సప్తమీతత్పురుషమును విధించుటచే, అక్షశౌండుఁడు మొదలగు పదములు సిద్ధించినవి. ఆసక్తివాచకము క్రమముగా నైపుణ్యవాచకమయ్యెను. తెలుఁగువారును దానశౌండుఁ డని దాతను బొగడుచున్నారు. ఇట్లు శౌండశబ్దము పానశాల వెడలి ప్రశంసాపదమైనది. క్షీబశబ్దము మాత్రము మత్తునొద్దనే నిలిచిపోయినది. నిష్ఠాంతము గావున నది యలవాటును గాక, పొందిన యవస్థను దెలుపునదియే గదా!

కొన్ని ప్రతులలో ‘క్షీవ’ యని వకారపాఠమును గలదు. అందు నర్థభేదము లేదు. లకారము వచ్చినచో మాత్రము శబ్దమే వేఱగును. భగవద్గీత 2-3 శ్లోకమున నర్జునునిఁ గూర్చి చెప్పఁబడిన క్లైబ్యము పిఱికితనమే కాని మత్తు గాదు. పాఠకులును లేఖకులును ఈ రెండు శబ్దములను ధాత్వర్థపూర్వకముగాఁ దెలిసికొనినచో నీ భ్రాంతి తొలఁగును.