భారతదేశంలో నేర గణాంకాలు

పోలీసులు ఏడాది పొడవునా నమోదు చేసిన కేసుల లెక్కలే భారతదేశంలో నేర గణాంకాలు. కేంద్ర హోంశాఖ కింద పనిచేసే జాతీయ నేర రికార్డుల బ్యూరో, వాడుకలో ఎన్‌సీఆర్‌బీ, వీటిని ‘క్రైమ్ ఇన్ ఇండియా’ పేరుతో ప్రచురిస్తుంది. నివేదిక 1953 నాటి లెక్కలతో మొదలైంది. బ్యూరో మాత్రం 1986లో ఏర్పడింది. ప్రమాద మరణాలు, ఆత్మహత్యలకు ఒక నివేదిక, జైళ్లకు మరొకటి విడిగా వెలువడతాయి.

ఠాణాలో ఎఫ్‌ఐఆర్ కట్టినప్పుడే లెక్క మొదలవుతుంది. అక్కడి నుంచి జిల్లా, రాష్ట్ర రికార్డుల బ్యూరోల మీదుగా ఢిల్లీకి చేరుతుంది. బాధితులు బయటపెట్టని నేరం, బయటపెట్టినా పోలీసులు కేసు కట్టని నేరం ఇందులో కనిపించవు. కాగ్నిజబుల్ నేరం (వారెంట్ లేకుండా పోలీసులు అరెస్టు చేయగల నేరం) జరిగినట్టు సమాచారం అందితే ఎఫ్‌ఐఆర్ నమోదు తప్పనిసరి అని 2013లో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చిచెప్పింది. అంత స్పష్టంగా చెప్పాల్సి రావడమే అప్పటి పరిస్థితికి సాక్ష్యం. నేరాలు పెరగడం వేరు, కేసుల నమోదు పెరగడం వేరు అని ఎన్‌సీఆర్‌బీ తానే హెచ్చరిస్తుంది. రాష్ట్రాలకు ర్యాంకులు కట్టే వార్తల్లో ఆ మాట అరుదుగా వినిపిస్తుంది.

ఈ తేడాకు 2020 మంచి ఉదాహరణ. 2019లో 51,56,158గా ఉన్న మొత్తం కేసులు ఆ ఏడాది 66,01,285కు చేరాయి, అంటే 28 శాతం పెరుగుదల. దేశం ఒక్కసారిగా నేరమయం కాలేదు. దొంగతనాల కేసులు నిజానికి తగ్గాయి. ప్రభుత్వ ఉత్తర్వులను ధిక్కరించారంటూ భారత శిక్షాస్మృతి (ఐపీసీ) 188వ సెక్షన్ కింద పెట్టిన కేసులు 29,469 నుంచి 6,12,179కి ఎగబాకాయి. కొవిడ్ లాక్‌డౌన్‌లో రోడ్డెక్కినవారూ పట్టికలో నేరస్థుల వరుసలో చేరిపోయారన్నమాట.

లెక్కించే పద్ధతిలోనూ మెలికలున్నాయి. ఒకే కేసులో పలు నేరాలుంటే, అత్యధిక శిక్ష పడే నేరాన్ని మాత్రమే లెక్కలోకి తీసుకుంటారు. దొంగతనానికి వచ్చినవాడు ఇంటి యజమానిని చంపితే హత్య మిగులుతుంది, దొంగతనం పట్టికకు ఎక్కదు. నేరాల రేటును లక్ష జనాభాకు ఇన్ని కేసులని చెబుతారు. మహిళలపై నేరాలకైతే లక్ష మంది మహిళలకు. పెద్ద నగరాల రేట్లకు 2011 జనాభా లెక్కలే ఆధారం కావడంతో, ఆ తర్వాత జనం వేగంగా పెరిగిన నగరాల రేటు ఉన్నదానికంటే ఎక్కువగా కనిపిస్తుంది.

అంకెలన్నీ ఒకే పాటి నమ్మకమైనవి కావు. శవాన్ని దాచడం కష్టం కనుక హత్యల లెక్క గట్టిది: 2022లో 28,522, అంటే లక్షకు సుమారు ఇద్దరు. గృహహింస లెక్క దీనికి పూర్తిగా భిన్నం. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, శారీరక లేదా లైంగిక హింసకు గురైన మహిళల్లో 14 శాతమే ఎవరినైనా సాయం అడిగామన్నారు. పోలీసుల దాకా వెళ్లినవారు వాళ్లలోనూ కొందరే. అందుకే నేరాల విస్తృతి తెలియాలంటే బాధితులను నేరుగా అడిగే సర్వేలు కావాలి.

2022లో దేశంలోని 65,893 సైబర్ నేరాల కేసుల్లో 15,297 తెలంగాణవే. రాష్ట్రాల్లో అదే అత్యధికం. మోసాలు ఎంత ఎక్కువో, కేసులు కట్టడం ఎంత ఎక్కువో ఆ అంకె విడదీసి చెప్పదు.

ప్రాణభయం కోణంలో చూస్తే రోడ్లదే పెద్ద లెక్క. కేంద్ర రవాణా శాఖ ప్రకారం 2022లో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారు, హత్యలకు దాదాపు ఆరు రెట్లు. అయినా పత్రికల మొదటి పేజీ హత్యదే.

2024 జూలై 1 నుంచి ఐపీసీ స్థానంలో భారతీయ న్యాయ సంహిత అమల్లోకి వచ్చింది. గొలుసు తెంపుకెళ్లడం వంటి స్నాచింగ్‌కు 304వ సెక్షన్ కొత్తగా చేరింది. ఐపీసీలో దీనికి దేశమంతటికీ వర్తించే ప్రత్యేక సెక్షన్ లేదు. ఆ ఏడాది కేసులు రెండు చట్టాల మధ్య చీలాయి కాబట్టి, పాత సంవత్సరాలతో పోల్చేటప్పుడు సెక్షన్ల నంబర్లు కాక నేర స్వభావాన్నే చూడాల్సి ఉంటుంది.