అలెహాంద్రో జొడొరోవ్‌స్కీ

అలెహాంద్రో జొడొరోవ్‌స్కీ (జననం: 1929 ఫిబ్రవరి 17) చిలీలో పుట్టి, మెక్సికోలో పేరు తెచ్చుకుని, పారిస్‌లో స్థిరపడిన సినీ దర్శకుడు, నటుడు. ఉక్రెయిన్ మూలాలున్న యూదు కుటుంబం ఆయనది. ఉత్తర చిలీ తీరంలోని తొకోపియా పట్టణంలో తండ్రి దుకాణం నడిపేవారు. ఆ తండ్రి కాఠిన్యం, ఆ ఊరి దుమ్ము ఎనభై ఏళ్లు దాటాక మళ్లీ ఆయన తెర మీదికి వచ్చాయి.

శాంటియాగోలో కవులతో తిరుగుతూ, తోలుబొమ్మలాడిస్తూ గడిపిన యువకుడు 1953లో పారిస్ చేరారు. మూకాభినయంలో ఎతియెన్ దెక్రూ వద్ద శిక్షణ పొంది, మార్సెల్ మార్సో బృందంలో పనిచేశారు. మాట కన్నా దేహమే ముందు పలకాలన్న పట్టుదల ఆయనకు అక్కడే అబ్బింది. తొలి లఘుచిత్రం ‘లా క్రవాత్’ (1957)లో తలలు అమ్మే అంగడికి వెళ్లి తల మార్పించుకునే యువకుడిగా తానే నటించారు. దీనికి ఆధారం థామస్ మన్ రాసిన కథ. దాని మూలం మనకు తెలిసిందే: భేతాళ కథల్లోని తలలు తారుమారైన కథ. చాలాకాలం కనబడకుండాపోయిన ఆ చిత్రం 2006లో జర్మనీలో ఒక అటక మీద దొరికింది.

తొలి పూర్తి నిడివి చిత్రం ‘ఫాందో ఇ లిస్’ను 1968లో అకపుల్కో చిత్రోత్సవంలో ప్రదర్శించినప్పుడు అల్లర్లు చెలరేగాయి. మెక్సికోలో దాన్ని నిషేధించారు. తర్వాతి ‘ఎల్ తోపో’ (1970)లో నల్లదుస్తుల తుపాకీవీరుడి పాత్ర ఆయనే వేశారు, పక్కన కొడుకు బ్రోంతిస్ చిన్నపిల్లవాడిగా కనిపిస్తాడు. న్యూయార్క్‌లోని ఎల్గిన్ థియేటర్‌లో అర్ధరాత్రి ఆటలతో అది నెలల తరబడి ఆడింది. ఈ చిత్రంలోని అత్యాచార సన్నివేశం నిజంగా జరిగిందేనని అప్పట్లో ఆయన చెప్పిన మాటలు మచ్చగా మిగిలాయి. అది ప్రచారం కోసం అన్నదేనని తర్వాత చెప్పుకున్నా, 2019లో న్యూయార్క్‌లోని ఒక మ్యూజియం ఆయన ప్రదర్శనను రద్దు చేసింది.

‘ది హోలీ మౌంటెన్’ (1973)లో రసవాది పాత్ర ధరించారు. నిర్మాత ఆలెన్ క్లైన్‌తో వచ్చిన తగాదా వల్ల ‘ఎల్ తోపో’, ‘ది హోలీ మౌంటెన్’ రెండూ దాదాపు 30 ఏళ్లపాటు ప్రేక్షకులకు సరిగా అందలేదు. 1970ల మధ్యలో తలపెట్టిన ‘డ్యూన్’ చిత్రం డబ్బు సమకూరక ఆగిపోయింది. సాల్వదోర్ దాలీ, ఆర్సన్ వెల్స్‌లను నటులుగా అనుకున్న ఆ ప్రయత్నం కోసం చిత్రకారుడు మోబియస్ గీసిన బొమ్మలు మాత్రం మిగిలాయి. మోబియస్‌తో ఆ స్నేహమే ‘ది ఇంకాల్’ అనే కామిక్స్ కావ్యానికి దారితీసింది. 1980లో వచ్చిన ‘టస్క్’ను భారతదేశంలో చిత్రీకరించారు. ఏనుగు, ఆంగ్లేయ బాలికల కథ అది, ఆయన చిత్రాల్లో బలహీనమైనది.

నటన, దర్శకత్వం రెండూ పండిన చిత్రాలు మలివయసులో వచ్చాయి. ‘సాంతా సాంగ్రే’ (1989)లో ఆయన కొడుకులు నటించారు. ‘ది డాన్స్ ఆఫ్ రియాలిటీ’ (2013)ని తొకోపియాలోనే తీశారు. అందులో దర్శకుడి తండ్రి పాత్ర బ్రోంతిస్‌ది. తల్లి పాత్ర తన మాటలన్నీ ఒపెరా పాటగా పలుకుతుంది. దర్శకుడే తెర మీదికి వచ్చి, చిన్ననాటి తనను వెనకనుంచి పొదివి పట్టుకుంటారు. ‘ఎండ్‌లెస్ పొయెట్రీ’ (2016)లో యువ అలెహాంద్రోగా మరో కొడుకు అదాన్ నటించాడు. పారిస్‌కు వెళ్లే కొడుకు తండ్రిని క్షమించి వీడ్కోలు చెప్పడంతో ఆ చిత్రం ముగుస్తుంది. తండ్రిగా నటించింది మళ్లీ బ్రోంతిసే.