దాలికుండలో ప్రొద్దుటి భోజనము



ప్రొద్దుటి ఆహారమును ముందు రాత్రియే నిప్పు మీద నుంచి నిద్రించుట క్రొత్త విద్య యని నేటి పట్టణవాసులలో పలువురు తలచుచున్నారు. విద్యుచ్ఛక్తితో రాత్రియంతయు మెల్లగా వండు కుండలు మన దేశమునకును వచ్చినవి. సాయంకాలము గింజలును నీరును పోసి మీట నొక్కిన చాలును, తెల్లవాఱుసరికి జావ సిద్ధము. తీరికలేని యిల్లాలికి ఇది మేలే. అయితే ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల సీమలలో ఈ విద్య ఎంత పాతదో మీకు నేను చెప్పనక్కరలేదు. మీలో అనేకుల యిండ్లలో దాలిగుంట యుండెడిది.

ఈ కాలపు పిల్లలకు దాలి యన నేమో తెలియదు గనుక రెండు మాటలు చెప్పెదను. పెరటిలోనో, వసారా మూలనో మోకాలిలోతు గుంట. అందులో పిడకలు పేర్చి నిప్పు రాజవేసి పైన బూడిద కప్పుదురు. మంట యుండదు, పొగ కొంచెము, సెగ మాత్రము ఆరదు. పగలు దానిపై పాలకుండ యుండును. పాలు ఎఱ్ఱగా కాగి మీగడ దళముగా కట్టును. రాత్రి పాలకుండ దిగి మఱియొక కుండ ఎక్కును. ఎద్దుల కొఱకు ఉలవలు అందులోనే ఉడుకును. ఆ ఉలవల కట్టు ఎద్దులకు పోయక చింతపండు, మిరపకాయ చేర్చి మనుష్యులు త్రాగిరి. నేడు విందులలో గొప్పగా వడ్డించు ఉలవచారు పుట్టుక ఇదియే. జొన్ననూకయో కొఱ్ఱనూకయో ఎసట పోసి అదే సెగపై మూతవేసి విడిచినచో కోడి కూయువేళకు మెత్తని అంబలి యగును. నా చిన్నతనమున మా అవ్వ నిదురపోవుటకు ముందు దాలి బూడిదను చేతితో తడవి చూచి, సెగ ఎక్కువైన పిడిచెడు బూడిద పోసి, తక్కువైన ఒక పిడక దోపి లేచెడిది. ఆమె చేతికి తెలిసిన కొలతయే నేటి యంత్రములోని మీట.

ఇక గింజల సంగతి. కుందూనది లోయలో, పెద్దముడియము మొదలగు చోట్ల నవీనశిలాయుగపు ఊళ్ల ఆనవాళ్లు దొరికినవి. దక్షిణాపథమున ఆ యుగపు మట్టిపొరలలో మాడిన గింజలను పరిశోధకులు ఏరి చూడగా ఎక్కువగా కనబడినవి అండుకొఱ్ఱలు, ఉలవలు, పెసలు. అనగా నాలుగువేల యేండ్లకు పూర్వమే మన మెట్టభూముల రైతు చిరుధాన్యమును, దానికి జోడుగా పప్పుగింజను తినుచుండెను. మనము మన సొంతమని చెప్పుకొను జొన్నయు రాగియు తరువాత వచ్చినవి. రెండింటికిని పుట్టినిల్లు ఆఫ్రికా ఖండము. కొఱ్ఱ చీనాదేశపు ఉత్తరభాగమున మొదట సాగైనది. దూరదేశములనుండి వచ్చిన ఈ ధాన్యములు మన నల్లరేగడిలోను ఎఱ్ఱనేలలోను ఎంతగా కుదురుకొన్నవనగా, రాగిసంకటి లేనిది రాయలసీమయే లేదని నేడు మనము అతిథులకు చెప్పుచున్నాము.

ఈ ప్రాంతము రేనాడు. ఎఱ్ఱగుంట్ల చెంతనున్న కలమళ్లలో క్రీ. శ. 575 ప్రాంతమున ఎరికల్ ముత్తురాజు ధనంజయుడు వేయించిన శాసనము తెలుగున దొరికిన శాసనములలో మొదటిదని పండితులలో అధికుల అభిప్రాయము. తెలుగుభాష మొదట రాతికెక్కిన నేలపైన జనులు ప్రొద్దున నేమి తినిరో ఆ రాయి చెప్పదు. శాసనములు దానములనే చెప్పును గాని కుండలోని కూడును చెప్పవు. దానికి కవులను అడుగవలెను. పోతన భాగవతమున దశమస్కంధములో గోపబాలురు యమునయొడ్డున చల్దులారగించిన ఘట్టము మీలో చాలమందికి కంఠస్థమే. దేవుని చేతికి కవి యిచ్చినది పంచభక్ష్యములు గాదు, రాత్రి వండి ప్రొద్దున మూటకట్టిన చద్ది. దీనికి మాఱుగా శ్రీనాథుని పేర వాడుకలోనున్న చాటువులు పలనాటి జొన్నకూటిని వెక్కిరించును. సన్నబియ్యమునకు అలవాటుపడిన నాలుక జొన్నను మెచ్చకపోవుట వింత గాదు. కాని ఆ వెక్కిరింపును సత్యముగా గైకొని మన తిండిని మనమే చిన్నచూపు చూచుట నాకు సరిపడదు.

జమ్మలమడుగునకు సమీపమున గండికోటలో ధాన్యాగారము నేటికిని నిలిచియున్నది. 1652లో ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే మీర్ జుమ్లాను చూచుటకై అచటికి వచ్చెను. కోటలోని చిన్న మైదానమున ఊటనీటితో వరియు చిరుధాన్యములును పండించుచున్నారని అతడు వ్రాసెను. ముట్టడికి నిలువవలసిన కోటకు గింజల నిలువయే ప్రాణము. రాగి పురుగు పట్టక యేండ్ల తరబడి నిలుచునని మన పెద్దలెఱుగుదురు. ఆ గుణముచేతనే కఱవుసీమ రైతు దానిని పాతరలో దాచెను. 1820లో కడపకు ఉద్యోగియై వచ్చిన సి. పి. బ్రౌనుదొర 1852లో ముద్రింపించిన నిఘంటువున అంబలి, సంకటి, చద్ది యను మాటలు కావ్యపదముల సరసనే చోటుచేసికొన్నవి.

ఇంతవరకు చెప్పినదానిని బట్టి పూర్వకాలమున అందఱును కడుపునిండ అంబలి త్రాగి ఆరోగ్యముగా నుండిరని మీరు తలపవలదు. అట్లు చెప్పు ఉపన్యాసకులు ఈ మధ్య ఎక్కువైనారు. అంబలి చిక్కదనము ఇంటి ధాన్యమును బట్టి యుండును. గింజ లున్నయింట తెడ్డు నిలుచును. లేనియింట నీటిలో ముఖము కనబడును. 1876లో వానలు తప్పి ధాత, ఈశ్వర సంవత్సరములలో మదరాసు రాజధానిని పీడించిన మహాక్షామము కడపజిల్లాను వదలలేదు. 1877లో సర్ రిచర్డ్ టెంపుల్ పనులలో చేరిన కూలివానికి దినమునకు ఒక పౌను ధాన్యమును, ఒక అణాయును చాలునని నిర్ణయించెను. మదరాసు ఆరోగ్యశాఖాధికారి కార్నిషు, కష్టించు మనుష్యునికి అది చాలదని గట్టిగా వాదించెను. రాళ్లు కొట్టువాని దేహమునకు పౌను ధాన్యము చాలునా యను ఆ తగవు దొరల కాగితములలో నడచుచుండగా ఊళ్లు ఖాళీయైనవి. మరల 1952లో రాయలసీమ కఱవున గంజికేంద్రములు తెఱవవలసివచ్చెను. ఆ గంజి వరుసలలో నిలిచినవారికి అంబలి యను మాటయే అవమానముగా వినబడుటలో ఆశ్చర్యమేమి? కలిమి కలుగగానే వారు మొదట వదలుకొన్నది ఆ కుండనే.

వరియన్నము వచ్చిన త్రోవయు ఇట్టిదే. 1860 తరువాత మదరాసు ఇరిగేషను కంపెనీవారు త్రవ్వించి, 1882లో ప్రభుత్వము కొనిన కర్నూలు–కడప కాలువ వలన ప్రొద్దుటూరు ప్రాంతమున మళ్లు పచ్చబడినవి. అయినను మెట్టయూళ్లలో వరియన్నము పండుగకే. పిదప 1983లో నందమూరి తారకరామారావుగారి ప్రభుత్వము కిలో రెండురూపాయల బియ్యము నిచ్చినది. ఆకలి తీరినది, దానిని తప్పుపట్టువాడు కఱవు చూడనివాడు. కాని బియ్యము చవుకైన పిమ్మట జొన్న దంచు శ్రమ ఎవరికి కావలెను? జమ్మలమడుగు రేగడిలో శనగ, పులివెందుల వైపున వేరుశనగయు, చీనీతోటలును అరటియు పెరిగినవి. రాగిచేలు తగ్గినవి. ప్రొద్దుటి అంబలి స్థానమున కాఫీగ్లాసు వచ్చినది. బడిపిల్లలు కొందఱు ఆ కాఫీతోనే బయలుదేఱుచున్నారు. ఇది యెఱిగియే కాబోలు, 2023 మార్చి నుండి ప్రభుత్వ పాఠశాలలలో వారమునకు మూడు దినములు రాగిజావ పోయుట ఆరంభించిరి. ఆ సంవత్సరమునే ఐక్యరాజ్యసమితి చిరుధాన్యముల సంవత్సరముగా ప్రకటించినది.

రాత్రికుండ మన సొత్తు మాత్రమే యనుకొనుట సరిగాదు. యూదులు శనివారపు విశ్రాంతిదినమున నిప్పు రాజవేయరాదు. కావున శుక్రవారము సాయంకాలమే చిక్కుళ్లు, మాంసము, గింజలు కుండలో పెట్టి రొట్టెలవాని పొయ్యిలో నుంచి మఱునాడు తెచ్చుకొనెడివారు. లిథువేనియాలో ఆ విధముగా వండుట విన్న అమెరికావాసి ఇర్వింగ్ నాక్సన్ విద్యుత్కుండను కల్పించి 1940లో పేటెంటు పొందెను. 1971 నుండి అది క్రాక్‌పాట్ అను పేర అమ్మకమునకు వచ్చినది. ఆ పేటెంటునకు ముప్పది యేండ్లు ముందుగానే, 1910లో, కలకత్తా వైద్యుడు ఇందుమాధవ మల్లిక్ ఇక్‌మిక్ కుక్కరును చేసెను. అడుగున నాలుగు బొగ్గులు, పైన ఒకదానిపై నొకటిగా గిన్నెలు. ఆవిరిసెగతో అన్నము, పప్పు, కూర మెల్లగా ఉడుకును. వంట తెలియని ఒంటరి ఉద్యోగులకు అది పెద్ద దిక్కయ్యెను. యూదుల కుండకు ధర్మము కారణము, బంగాళీ కుక్కరునకు ఒంటరితనము కారణము, మన దాలికుండకు తెల్లవాఱుజామున చేనికి పోవలసిన ఆడుకూలి కారణము.

ఈ చివరి మాటపై కొంచెము నిలువవలెను. రాత్రికుండ వలన ఉదయమున తీరిక కలిగినమాట నిజమే గాని, ఆ కుండలో గింజ చేరుటకు ముందు దంచినదెవరు, విసరినదెవరు? పిండిమరలు రాకపూర్వము మూడవజాముననే విసుఱుఱాయి చప్పుడు ప్రతియింటను వినబడెడిది. కాబట్టి నేడు మరపట్టిన పిండియు, మీటనొక్కు కుండయు కలిగిన కోడలిని చూచి సోమరి యనవద్దు. ఆ కుండలో నేమి వేయవలెనో మీరు చెప్పుడు; ఎట్లు నొక్కవలెనో ఆమెకు తెలియును.

విధానము సులభమే. నలుగురికి ఒక గ్లాసు జొన్ననూక గాని కొఱ్ఱనూక గాని కడిగి, ఎనిమిది గ్లాసుల నీరు, చిటికెడు ఉప్పు చేర్చి విద్యుత్కుండలో తక్కువసెగపై ఏడెనిమిది గంటలు ఉంచవచ్చును. గుప్పెడు పెసరపప్పు చేర్చిన బలము. పిండికంటె నూకయే తగును. పిండి అడుగున పేరుకొని మాడును. రాగిపిండియే కావలెనన్న పాతపద్ధతి మేలు: సాయంకాలము చన్నీళ్లలో ఉండలు లేకుండ కలిపి, ఒక గరిటెడు పుల్లనిమజ్జిగ చేర్చి మూసియుంచి, ప్రొద్దున మరుగు ఎసట పోసి కలియబెట్టినచో పావుగంటలో అంబలి. పులియుటవలన గింజలోని ఫైటిక్ ఆమ్లము తగ్గి ఇనుము దేహమునకు ఎక్కువగా పట్టును. రాగిలో నూఱు గ్రాములకు సుమారు 350 మిల్లిగ్రాముల సున్నపుధాతువు కలదు. బియ్యమున పది మాత్రమే.

జాగ్రత్త ఒకటి కలదు. రాత్రి నిలుపు కూడు వేడిగానైన నుండవలెను, పుల్లగానైన మారవలెను. రెండును గాక గోరువెచ్చగా గంటల కొలది నిలిచినచో చెడు క్రిములు పెరుగును. దాలి సెగ ఆరనిది. చద్దికుండ కలినీళ్లలో మునిగినది. కరెంటు పోయి కుండ నడిరేయి చల్లారినచో తెల్లవాఱి మరల కాచి త్రాగుదమనుట తగదు, దానిని పారవేయవలసినదే. ఏండ్లు గడచిన కొలది మధుమేహము ఊళ్లలో ఎక్కువగుచున్నది గనుక మఱియొక మాట: జావ ఎంత మెత్తనైన అంత వేగముగా రక్తమున చక్కెర పెంచును. రాగిజావ యెంత త్రాగినను దోషము లేదనుట ప్రమాదము. అట్టివారు పలుకుగానున్న కొఱ్ఱనూకను పప్పుతో, పుంటికూరతో మితముగా తినుట మేలు. తక్కినవారికి పలుచని మజ్జిగ, తఱిగిన ఎఱ్ఱగడ్డ, పచ్చిమిరపకాయ చాలును. నంజుటకు చెనిక్కాయల ఊరిబిండి యున్నచో కుండ అడుగుదాక తోమినట్లే యగును.