బెంచికి మూడు దారులు, పెన్షన్‌కు మూడు లెక్కలు

హైకోర్టు న్యాయమూర్తికి జీతమిచ్చేది రాష్ట్రం, పదవి దిగాక పెన్షన్ ఇచ్చేది కేంద్రం. రాజ్యాంగం 202వ అధికరణ ప్రకారం జీతం రాష్ట్ర సంచిత నిధి నుంచి, 112వ అధికరణ ప్రకారం పెన్షన్ భారత సంచిత నిధి నుంచి వస్తాయి. ఈ రెండు ఖర్చులనూ చట్టసభ ఓటింగుకు పెట్టనక్కర్లేదు. డబ్బు ఎక్కడి నుంచి రావాలన్న విషయంలో ఇంత జాగ్రత్త పడినవారు, దాన్ని లెక్కకట్టే పద్ధతిని మాత్రం వలస పాలకులు వదిలివెళ్లిన తీరులోనే ఉంచేశారు.

1861 నాటి హైకోర్టుల చట్టం, న్యాయమూర్తుల్లో కనీసం మూడోవంతు బారిస్టర్లు, మరో మూడోవంతు సివిల్ సర్వీసువారు ఉండాలంది. సివిలియన్‌కు సర్వీసు పెన్షన్ ఎలాగూ ఉంది. బారిస్టర్‌కు బెంచి మీద గడిపిన కాలమే ఆధారం. స్వాతంత్ర్యం వచ్చాక హైకోర్టు న్యాయమూర్తుల జీతాలు, సర్వీసు షరతులపై చేసిన 1954 చట్టం కూడా ఈ తేడాను చెరపలేదు. దాని మొదటి షెడ్యూలు మూడు భాగాలు: బార్ నుంచి వచ్చినవారికి ఒకటి, సివిల్ సర్వీసు (ఐసీఎస్) వారికి ఒకటి, జిల్లా జడ్జీల వంటి ఇతర పెన్షన్ ఉద్యోగాల నుంచి వచ్చినవారికి ఇంకొకటి.

ఇక లెక్క. 2016 జనవరి 1 నుంచి వర్తించేలా ఆ చట్టానికి 2018లో చేసిన సవరణ ప్రకారం, బార్ నుంచి వచ్చిన న్యాయమూర్తికి పూర్తయిన ఒక్కో ఏడాదికీ సాలీనా రూ. 96,524. గరిష్ఠం రూ. 13.5 లక్షలు, అంటే నెలకు 2.25 లక్షల జీతంలో సరిగ్గా సగం. బెంచి మీది ఏళ్లనే లెక్కిస్తే ఆ గరిష్ఠాన్ని అందుకోవడానికి 14 ఏళ్లు కావాలి. యాభై దాటాక బెంచి ఎక్కి 62కు దిగిపోయే న్యాయవాదికి అది అందదు. జిల్లా జడ్జిగా పైకి వచ్చినవారికి కింది కోర్టుల్లో చేసిన దశాబ్దాల సర్వీసు కూడా లెక్కలోకి వస్తుంది కనుక, హైకోర్టులో రెండు మూడేళ్లున్నా పెన్షన్‌కు కొదవుండదు.

ఈ తేడాను సుప్రీంకోర్టు దాకా తీసుకెళ్లిన వ్యాజ్యం ఆంధ్రప్రదేశ్ హైకోర్టు మాజీ న్యాయమూర్తి పి. రామకృష్ణంరాజు పేరు మీదే ఉంది. 2014 మార్చి 31న ప్రధాన న్యాయమూర్తి సదాశివం ధర్మాసనం, బార్‌లో గడిపిన పదేళ్లను సర్వీసుకు కలపాలని చెప్పింది. పార్లమెంటు 2016లో 1954 చట్టానికి 14ఎ సెక్షన్ చేర్చి, 2004 ఏప్రిల్ 1 నుంచి దాన్ని వర్తింపజేసింది. దాంతో బెంచి మీద నాలుగేళ్లు చాలు, పూర్తి పెన్షన్. వాదన న్యాయమైనదే, ఊరట మాత్రం ఉదారమైనదని ఒప్పుకోవాలి.

అప్పుడు త్రాసు రెండో వైపుకు మొగ్గింది; ఈసారి వెనకబడింది జిల్లా జడ్జీలుగా వచ్చినవారు. పంజాబ్-హర్యానా హైకోర్టు మాజీ న్యాయమూర్తి రాజ్ రాహుల్ గర్గ్ జిల్లా జడ్జిగా 2014 జూలై 31న రిటైరై, సెప్టెంబరు 25న హైకోర్టులో చేరారు. మధ్యలో ఎనిమిది వారాల ఖాళీ. సర్వీసు తెగిపోయింది కాబట్టి పాత ఏళ్లు కలవవని ప్రభుత్వం వాదించింది. నియామకం ఆలస్యమైతే ఆ తప్పు అభ్యర్థిది కాదు గదా! 2024 మార్చిలో సుప్రీంకోర్టు ఆ వాదనను కొట్టేసింది. ఇంతలో మరో చిక్కు వచ్చిపడింది. జీతంలోంచి వాటా కట్టించే కొత్త పెన్షన్ పథకం వచ్చాక జిల్లా న్యాయవ్యవస్థలో చేరి హైకోర్టుకు ఎదిగినవారికి అసలు పాత పెన్షనే లేదు.

2025 మే 19న ప్రధాన న్యాయమూర్తి గవాయ్ ధర్మాసనం ఏ దారిన వచ్చారన్నది, ఎన్నేళ్లు చేశారన్నది రెండూ పక్కన పెట్టింది. రిటైరైన ప్రతి హైకోర్టు న్యాయమూర్తికీ సాలీనా రూ. 13.5 లక్షలు, ప్రధాన న్యాయమూర్తిగా రిటైరైతే 15 లక్షలు. అదనపు న్యాయమూర్తులుగా దిగిపోయినవారికీ అంతే. కొత్త పథకంలో న్యాయమూర్తులు తమ జీతంలోంచి కట్టిన సొమ్మును, దానిపై వచ్చిన రాబడితో సహా తిరిగి ఇచ్చేయాలని రాష్ట్రాలను ఆదేశించింది.