పన్నెండు మందిని దించి వచ్చిన ఓడ

1983 డిసెంబర్ 3. గోవా నుంచి అంటార్కిటికాకు ఫిన్‌పొలారిస్ బయల్దేరింది. మంచు సముద్రాల కోసం కట్టిన ఫిన్లాండ్ ఓడ అది. అందులో 81 మంది యాత్రా దళం. వాళ్లతోపాటు ఏడాది తిండి, ఇంధనం, విడిభాగాలుగా సర్దిన ఓ పెద్ద ఇల్లు.

దళనాయకుడు డాక్టర్ హర్ష్ గుప్తా. హైదరాబాద్‌లో జల్‌పల్లి నుంచి ఉప్పల్ మీదుగా హబ్సిగూడ వెళ్తుంటే జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ (ఎన్‌జీఆర్‌ఐ) వస్తుంది కదా, భూకంపాల శాస్త్రవేత్తగా ఆయన ఎదిగింది అక్కడే. తర్వాతి కాలంలో ఆ సంస్థకే డైరెక్టర్ అయ్యారు.

అంటార్కిటికాకు మనవాళ్లు అంతకుముందు రెండుసార్లు వెళ్లారు. రెండుసార్లూ వేసవిలో వెళ్లి వేసవిలోనే తిరిగొచ్చారు. ఈసారి చలికాలమంతా మనుషులు ఉండేలా అక్కడ కేంద్రం కట్టాలి. అదీ ఒక్క వేసవిలోనే.

నన్ను అన్నిటికన్నా కదిలించేది ఆ సరుకుల జాబితా. ఏ బోల్టో, ఏ గొట్టమో గోవాలో మర్చిపోతే ఇక అంతే. కొనడానికి దుకాణం లేదు, తెప్పించుకోవడానికి మరో ఓడ లేదు. జాబితా రాసినవాళ్ల పేర్లు నాకు తెలియవు కానీ, ఆ కేంద్రానికి పునాది వేసింది వాళ్లే.

దక్షిణాన 40 డిగ్రీల అక్షాంశం దాటాక గాలికి అడ్డుపడే నేలంటూ దాదాపు ఉండదు. అలలు కొండల్లా లేస్తాయి. ఆ దారి దాటుకుని డిసెంబర్ 27న ఓడ మంచు అంచుకు చేరింది. సముద్ర శాస్త్రవేత్త అదితి పంత్, భూగర్భ శాస్త్రవేత్త సుదీప్తా సేన్‌గుప్తా అక్కడ దిగారు. భారత యాత్రాదళంతో ఆ ఖండం మీద కాలుపెట్టిన తొలి మహిళలు వాళ్లే.

అప్పుడక్కడ సూర్యుడు అస్తమించని కాలం. వాతావరణం అనుకూలించిన ప్రతి గంటా పనే. సరుకంతా దింపాలి, హెలికాప్టర్లతో చేరవేయాలి, ఈదురుగాలి లేచేలోపు బిగించాలి. సముద్రం గడ్డకడితే ఓడ చిక్కుకుపోతుంది కాబట్టి గడువు పెంచుకునే వీలే లేదు. సుమారు ఎనిమిది వారాల్లో, 1984 ఫిబ్రవరికల్లా ‘దక్షిణ గంగోత్రి’ కేంద్రం నిలబడింది.

లెఫ్టినెంట్ కర్నల్ ఎస్.ఎస్. శర్మ నాయకత్వంలో 12 మంది అక్కడే ఉండిపోయారు. మిగతావాళ్లతో ఓడ వెనుదిరిగింది. మే నెలాఖరు నుంచి దాదాపు రెండు నెలలు ఉండిపోయినవాళ్లకు సూర్యుడే కనిపించడు. ఎవరికైనా జబ్బు చేసినా, జనరేటర్ మొరాయించినా దిక్కు ఆ పన్నెండు మందే. ఆ ధైర్యానికి మన పాఠ్యపుస్తకాల్లో ఒక పేజీ అయినా దక్కాలి.

ఏటేటా పేరుకునే మంచులో ఆ కేంద్రం కూరుకుపోయింది. 1989లో షిర్మాకర్ ఒయాసిస్‌లో రాతినేల మీద కొత్త కేంద్రం ‘మైత్రి’ వచ్చింది. 1997 నుంచి భూకంపాలను నమోదు చేస్తున్న కేంద్రం అక్కడ ఉంది. దాన్ని నడుపుతున్నది మన హైదరాబాద్ ఎన్‌జీఆర్‌ఐ.